‘రాయల్టీ’ – పన్నా? ప్రతిఫలమా? : ఒక తీర్పువాక్యం, దాని పాఠవివాదం

సుప్రీంకోర్టు ఏడుగురు న్యాయమూర్తుల ధర్మాసనం 1989 అక్టోబరు 25న ‘ఇండియా సిమెంట్ వర్సెస్ తమిళనాడు రాష్ట్రం’ కేసులో తీర్పు చెప్పింది. అందులోని ఒక వాక్యం రాయల్టీని పన్ను అన్నది. 2004లో ఐదుగురు న్యాయమూర్తుల ధర్మాసనం ఆ వాక్యంలో మాట జారిపోయిందని, దాన్ని పూరించుకొని చదవాలని చెప్పింది. 2024 జులై 25న తొమ్మిదిమంది ధర్మాసనం, 8–1 ఆధిక్యంతో, రాయల్టీ పన్ను కాదని, అది లీజు ఒప్పందం నుంచి పుట్టిన ప్రతిఫలమని తేల్చింది. ఒక్క వాక్యం చుట్టూ దాదాపు మూడున్నర దశాబ్దాలు నడిచిన ఈ వివాదాన్ని న్యాయశాస్త్ర గ్రంథాలు సమాఖ్య అధికారాల సమస్యగా చర్చిస్తాయి. అది నిజమే. అయితే దీనిలో పాఠపరిష్కరణ సమస్య, శబ్దార్థ సమస్య కూడా ఉన్నాయి. ఆ రెండూ తెలుగు పరిశోధకులకు చిరపరిచితమైనవి. ఈ వ్యాసం ఆ తీర్పులను పాఠాలుగా చదివి, ‘ఒప్పందం’ అన్న పేరు ఖాయమైన తరువాత ఆ ఒప్పందంలోని బాధ్యతలు ఎవరి మీద ఎంత బరువుతో పడుతున్నాయో పరిశీలిస్తుంది.

మాట, దాని బంధువర్గం

నేల మీదా, నేల కింద ఉన్నదాని మీదా ప్రభువుకు చెల్లించే సొమ్ముకు తెలుగులో పేర్లకు కొదవ లేదు. సాగుభూమి మీద శిస్తు. సరుకు మీద సుంకం. ఓడిన రాజు గెలిచిన రాజుకు కట్టేది కప్పం. ఇవన్నీ ఇచ్చేవాడి సమ్మతితో పని లేని చెల్లింపులు. వీటికి ఎదురుగా మరో వరుస ఉంది: కౌలు, గుత్త, ఇజారా, అద్దె. ఇవి ఇరువురు మాట్లాడుకొని కుదుర్చుకున్నవి. ‘కౌలు’ అన్న పదానికి మూలమైన అరబ్బీ శబ్దానికి ‘మాట’, ‘వాగ్దానం’ అనే అర్థాలు ఉండటం గమనార్హం. తెలుగు రైతు వ్యవహారంలో కౌలు అంటే పొలమూ కాదు, పైకమూ కాదు. మొదట అది ఇచ్చిపుచ్చుకున్న మాట.

ఈ రెండు వరుసల్లో ‘రాయల్టీ’ ఎక్కడ చేరుతుంది? వ్యుత్పత్తిని బట్టి చూస్తే మొదటి వరుసలో చేరాలి. ఆ శబ్దంలోనే రాజు ఉన్నాడు. తెలుగు రాష్ట్రాల్లో కంకర, ఇసుక, గ్రానైటు వంటి చిన్నతరహా ఖనిజాల మీద వసూలు చేసే సీనరేజి అన్న మాటలోనూ, ఫ్రెంచి మూలాన్ని వెతికితే, ఒక ప్రభువు ఉన్నాడు. కాని వాడుకలో రాయల్టీ ఆ అర్థాన్ని ఎప్పుడో విడిచింది. ప్రచురణకర్త రచయితకు ఇచ్చేదీ రాయల్టీయే. రచయిత రాజు కాడు, ప్రచురణకర్త సామంతుడూ కాడు. తనది అయిన దాన్ని మరొకరు వాడుకోవడానికి ఒప్పుకున్నందుకు, వాడుకున్న మేరకు, ముట్టే సొమ్ము అది. లెక్క అచ్చయిన ప్రతుల మీదా, అమ్ముడైన ప్రతుల మీదా అని రచయితలు, ప్రచురణకర్తలు తగవుపడటం సాహిత్యలోకం ఎరిగినదే. గనుల చట్టంలోనూ తగవు అక్కడే మొదలవుతుంది: తవ్విన దాని మీదా, తరలించిన దాని మీదా? 1957 నాటి గనులు, ఖనిజాల (అభివృద్ధి, నియంత్రణ) చట్టం తొమ్మిదో సెక్షన్, లీజు ప్రాంతం నుంచి తరలించిన లేదా వినియోగించిన ఖనిజం మీద రాయల్టీ చెల్లించాలంటుంది.

యౌగికార్థం ప్రభువును చూపుతుంటే రూఢ్యర్థం యజమానిని చూపుతున్నది. 2024 తీర్పు సారాంశాన్ని మన శాస్త్ర పరిభాషలో చెప్పాలంటే, యోగం కన్నా రూఢి బలీయమని న్యాయస్థానం నిర్ణయించింది.

చిత్తూరు నుంచి తమిళనాడుకు

ఈ వివాదానికి ముందుకథ ఆంధ్రదేశంలోనే ఉంది. 1964లో ‘హెచ్.ఆర్.ఎస్. మూర్తి వర్సెస్ చిత్తూరు కలెక్టర్’ కేసు సుప్రీంకోర్టు రాజ్యాంగ ధర్మాసనం ముందుకు వచ్చింది. 1920 నాటి మద్రాసు జిల్లా బోర్డుల చట్టం భూమి మీద సెస్సు వేసింది. ఆ సెస్సును లెక్కగట్టడానికి ప్రభుత్వానికి చెల్లించే లీజుసొమ్మును, రాయల్టీని కొలమానంగా తీసుకుంది. గని లీజుదారు, ఇది రాయల్టీ మీద పన్నే తప్ప భూమి మీద పన్ను కాదని వాదించాడు. కోర్టు అంగీకరించలేదు. దేని మీద పన్ను వేస్తున్నారు, దేనితో కొలుస్తున్నారు అనేవి వేరువేరు ప్రశ్నలని చెప్పింది. కుంచంతో ధాన్యం కొలిచినంత మాత్రాన కుంచాన్ని అమ్మినట్టు కాదుగదా.

పాతికేళ్ల తరువాత తమిళనాడులో అదే చిక్కు తిరిగి వచ్చింది. 1958 మద్రాసు పంచాయతీల చట్టం 115వ సెక్షన్, భూమిశిస్తు రూపాయికి 45 పైసల వంతున స్థానిక సెస్సు విధించింది. ఆ సెక్షన్‌కు తరువాత చేర్చిన వివరణ, భూమిశిస్తు అన్న మాటలోకి రాయల్టీని కూడా తెచ్చింది. సున్నపురాయి తవ్వే సిమెంటు కంపెనీ మీద ఆ లెక్కన సెస్సు పడింది. జస్టిస్ సవ్యసాచి ముఖర్జీ రాసిన ప్రధాన తీర్పు ఆ సెస్సును కొట్టివేసింది. చిత్తూరు తీర్పు సరికాదన్నది. ఆ సందర్భంలోనే, రాయల్టీ పన్ను అని, కాబట్టి రాయల్టీ మీది సెస్సు రాయల్టీ మీద పన్ను కావడం వల్ల రాష్ట్ర శాసనసభ పరిధిలోకి రాదని అర్థమిచ్చే వాక్యం వచ్చింది.

ఆ వాక్యం తక్షణ ఫలితాలు పెద్దవి. దాని దెబ్బకు ఇతర రాష్ట్రాల ఖనిజ సెస్సులు కూడా కూలిపోయాయి. అప్పటికే వసూలు చేసుకున్న సొమ్మును తిరిగి చెల్లించవలసిన ప్రమాదం నుంచి రాష్ట్రాలను కాపాడటానికి పార్లమెంటు 1992లో ప్రత్యేకంగా ధ్రువీకరణ చట్టం చేసి, 1991 ఏప్రిల్ 4 వరకు జరిగిన వసూళ్లను నిలబెట్టింది.

లేఖక ప్రమాదమా, రచయిత అభిప్రాయమా?

2004 జనవరి 15న వెలువడిన ‘పశ్చిమబెంగాల్ రాష్ట్రం వర్సెస్ కేశోరాం ఇండస్ట్రీస్’ తీర్పు పాఠపరిష్కరణ చరిత్రలో చేర్చదగినది. బొగ్గు, తేయాకు, ఇటుకమట్టి భూముల మీద ఆ రాష్ట్రం వేసిన సెస్సులు అక్కడి విషయం. జస్టిస్ ఆర్.సి. లాహోటీ రాసిన ఆధిక్య తీర్పు 1989 నాటి వాక్యాన్ని పరిశీలించి, అందులో స్టెనోగ్రాఫరు చేతివల్లనో అచ్చువల్లనో పొరపాటు దొర్లిందని భావించింది. ‘రాయల్టీ పన్ను’ అన్నచోట ‘రాయల్టీ మీది సెస్సు పన్ను’ అని ఉండాలన్నది ఆ తీర్పు సూచించిన సవరణ.

తాళపత్రప్రతులను పరిష్కరించినవారికి ఈ పద్ధతి కొత్త కాదు. లేఖకుడు కన్నుజారి ఒక పదం వదిలేయడం అతి సాధారణమైన దోషం. కాని సవరణకు శాస్త్రం కొన్ని కట్టుబాట్లు పెట్టింది. సవరించిన పాఠం సందర్భానికి పొసగాలి. కొత్త దోషాన్ని తేకూడదు. సులభపాఠమూ క్లిష్టపాఠమూ ఎదురైతే క్లిష్టపాఠాన్ని తొందరపడి తోసిపుచ్చకూడదు. కేశోరాం సవరణను ఈ గీటురాయి మీద పెడితే ఏమవుతుంది? అది వాక్యం మొదటి సగంలో రాయల్టీ మీది సెస్సు పన్ను అంటుంది. రెండో సగం అప్పటికే, రాయల్టీ మీది సెస్సు రాయల్టీ మీద పన్ను కావడం వల్ల, అంటున్నది. రెండు సగాలూ ఒకే మాట చెబితే మధ్యలో ఉన్న ‘కాబట్టి’కి పని లేదు. ఇది పునరుక్తి. పాత పాఠంలో తర్కం బలహీనమైతే కావచ్చు గాని వాక్యానికి నడక ఉంది. సవరించిన పాఠంలో తర్కం నిలిచింది గాని వాక్యం ఆగిపోయింది. అంతస్సాక్ష్యం లేఖక ప్రమాదం వైపు గట్టిగా మొగ్గడం లేదు.

మరి సవరణ ఎందుకు అవసరమైంది? దానికి కారణం పాఠంలో లేదు, న్యాయవ్యవస్థ క్రమశిక్షణలో ఉంది. ఐదుగురి ధర్మాసనం ఏడుగురి తీర్పును రద్దు చేయలేదు. తప్పని అనలేనప్పుడు తప్పుగా అచ్చయిందని అనడం ఒక్కటే మిగిలిన దారి. మూలకవిని నేరుగా కాదనలేక లేఖకుడి మీద నెపం పెట్టిన పరిష్కర్తలు మన సాహిత్యంలోనూ ఉన్నారు. కవి ఆ మాట అనడని వారు నమ్మినప్పుడు తాటాకు అబద్ధమాడిందని అన్నారు. భక్తికైనా గౌరవానికైనా ఈ పద్ధతి పనికివస్తుందేమో గాని పాఠనిర్ణయానికి పనికిరాదు. కేశోరాం ఫలితం సరైనదని అంగీకరించేవారు సైతం ఆ దారి సరైనదని ఒప్పుకోవలసిన అవసరం లేదు. జస్టిస్ ఎస్.బి. సిన్హా అప్పుడే భిన్నాభిప్రాయం రాశారు. ఏడుగురి మాటకూ ఐదుగురి సవరణకూ మధ్య చిక్కుపడిన ఈ ప్రశ్నను 2011లో ‘మినరల్ ఏరియా డెవలప్‌మెంట్ అథారిటీ వర్సెస్ స్టీల్ అథారిటీ ఆఫ్ ఇండియా’ కేసులో తొమ్మిదిమందికి నివేదించారు. నిర్ణయానికి మరి పదమూడేళ్లు పట్టింది.

ప్రతిఫలమన్న నిర్ణయం

2024లో ప్రధాన న్యాయమూర్తి డి.వై. చంద్రచూడ్ రాసిన ఆధిక్య తీర్పు, పాత వాక్యాన్ని దిద్దే పని పెట్టుకోలేదు. అది సరికాదని నేరుగా చెప్పింది. ఈ నిజాయితీ మెచ్చదగినది. తీర్పు చూపిన కారణాలు సంబంధాన్ని ఆధారం చేసుకున్నవి. ఖనిజహక్కును వదులుకుంటున్నందుకు యజమాని పుచ్చుకునేది రాయల్టీ. అది లీజు షరతుల నుంచి పుడుతుంది. లీజుదారుకు ఒక ప్రత్యేక హక్కు ముడుతున్నది. పన్నులో ఇలాంటి ఇచ్చిపుచ్చుకోవడం ఉండదు. భూమి ప్రైవేటు యజమానిదైతే రాయల్టీ అతనికి చేరుతుందన్న విషయం ఈ వాదానికి గట్టి దన్ను. పన్ను ప్రైవేటు వ్యక్తికి చేరదు. మలబారు జన్మిభూముల విషయంలో 2013లో సుప్రీంకోర్టు, నేల యజమానే సాధారణంగా నేల కింది ఖనిజానికీ యజమాని అని చెప్పి ఉన్నది.

చెల్లించని సొమ్మును భూమిశిస్తు బకాయిలా వసూలు చేసే అధికారం చట్టం ఇచ్చినంత మాత్రాన అది పన్ను అయిపోదని కూడా ఆధిక్య తీర్పు స్పష్టం చేసింది. ఫలితంగా రాష్ట్రాలు ఖనిజహక్కుల మీద పన్ను వేయవచ్చు. ఖనిజమున్న భూమి మీద, రాయల్టీని కొలమానంగా తీసుకొని, పన్ను వేయవచ్చు. చిత్తూరు కేసులోని తర్కం అరవై ఏళ్లకు తిరిగి ప్రాణం పోసుకుంది. జార్ఖండ్, తమిళనాడు అదే ఏడాది ఖనిజభూముల మీద కొత్త లెవీల చట్టాలు తెచ్చుకున్నాయి. ఆగస్టు 14 నాటి ఉత్తర్వు, 2005 ఏప్రిల్ 1కి ముందటి లావాదేవీల మీద పన్ను అడగరాదని, ఆ తరువాతి పాత బకాయిలను 2026 ఏప్రిల్ 1 నుంచి పన్నెండేళ్ల వాయిదాల్లో చెల్లించవచ్చని, 2024 జులై 25కు ముందు కాలపు డిమాండ్ల మీద వడ్డీ, జరిమానా ఉండవని చెప్పింది.

జస్టిస్ బి.వి. నాగరత్న ఒక్కరే భిన్నంగా రాశారు. ఆమె దృష్టిలో రాయల్టీ పన్ను స్వభావం కలది. తొమ్మిదో సెక్షనే రాష్ట్రాల అధికారానికి పార్లమెంటు పెట్టిన హద్దు. రాష్ట్రాలు పోటీపడి పన్నులు వేస్తే ఖనిజాభివృద్ధి కుంటుపడుతుందని, సమాఖ్య వ్యవస్థే దెబ్బతింటుందని ఆమె ఆందోళన. ఆ ఆర్థిక భయం ఎంతవరకు నిజమవుతుందన్నది కాలం తేల్చవలసినది. ఆమె అసమ్మతిలో దానికన్నా బలమైన అంశం వేరే ఉంది. దాన్ని ఆధిక్య తీర్పు తగినంతగా పట్టించుకోలేదు.

ఏకపక్షపు ఒడంబడిక

తొమ్మిదో సెక్షన్ మొదటి ఉపవిభాగాన్ని వాక్యనిర్మాణం దృష్టితో చదవాలి. చట్టం రాకముందు లీజు పొందినవాడు కూడా, లీజుపత్రంలో ఏమి రాసి ఉన్నప్పటికీ, రెండో షెడ్యూలులో అప్పటికి ఉన్న రేటు ప్రకారం రాయల్టీ కట్టాలని దాని తాత్పర్యం. ‘ఏమి రాసి ఉన్నప్పటికీ’ అన్న ఆ ఒక్క పదబంధంలో ఒప్పందం ఓడిపోతుంది. ఇరువురు కలిసి రాసుకున్న పత్రాన్ని మూడోవారు వచ్చి దిద్దారు. ఆ మూడోవారు కేంద్రప్రభుత్వం. రేటును నోటిఫికేషన్‌తో మార్చేది అదే, మూడేళ్లకు ఒకసారికి మించి పెంచరాదన్న ఒక్క పరిమితితో. లీజు మీద సంతకం పెట్టేది రాష్ట్రం, సొమ్ము చేరేది రాష్ట్రానికి, ధర చెప్పేది మాత్రం పత్రంలో పార్టీ కాని కేంద్రం. కౌలు అంటే ఇచ్చిన మాట అనుకుంటే, ఇక్కడ మాట ఇచ్చినవాడి నోట్లో లేదు. నాగరత్న అసమ్మతికి ఊపిరి ఇక్కడే ఉంది.

దీనికి ఆధిక్యపక్షం ఇచ్చే సమాధానం, చట్టం ఒప్పందాన్ని క్రమబద్ధం చేసినంత మాత్రాన ఒప్పందపు స్వభావం మారదన్నది. అద్దె నియంత్రణ చట్టం అద్దెను పన్నుగా మార్చలేదుగదా. ఈ సమాధానం స్వభావం వరకు చాలుతుంది. బాధ్యతల దగ్గరికి వచ్చేసరికి చాలదు. అద్దె నియంత్రణలో చట్టం బలహీనుడి పక్షాన నిలుస్తుంది. ఇక్కడ చట్టం ఒప్పందంలో ఒక పక్షం చేతికే ఆయుధాలన్నీ ఇచ్చింది. 1960 నాటి ఖనిజ రాయితీల నియమావళి ఆలస్యమైన చెల్లింపు మీద ఏటా 24 శాతం సాధారణ వడ్డీ విధించింది. ఖనిజం తవ్వకపోయినా డెడ్‌రెంట్ నడుస్తుంది. రాయల్టీ, డెడ్‌రెంట్‌లలో ఏది ఎక్కువైతే అది కట్టాలి. కట్టకపోతే రెవెన్యూ రికవరీ. ఇద్దరు సమానులు కుదుర్చుకున్న ఒప్పందాల్లో ఒకరు మరొకరి ఆస్తిని కలెక్టరు చేత జప్తు చేయించలేరు, కోర్టుకు వెళ్లాలి.

అదే నియమావళిలో ‘కె’ నమూనాగా ఉన్న లీజుపత్రం ఈ అసమత్వాన్ని భాషలోనే చూపిస్తుంది. రాయల్టీకి ఒక భాగం, లీజుదారు ఇచ్చే హామీలకు ఒక భాగం, ప్రభుత్వం ఇచ్చే హామీలకు ఒక భాగం కేటాయించారు. రూపంలో సమతూకం ఉంది. కాని చదువుకుంటూ పోతే లీజుదారు హామీలు క్లాజు వెంట క్లాజుగా సాగుతాయి. ప్రభుత్వం ఇచ్చేవి వేళ్ల మీద లెక్కించవచ్చు. పాత జమీందారీ కౌలునామాలు చూసినవారికి ఈ ధోరణి తెలిసినదే.

రాయల్టీని ప్రతిఫలమన్న తరువాత, ప్రతిఫలం పుచ్చుకున్నవాడు బదులుగా ఏమి ఇవ్వాలన్న ప్రశ్న తప్పదు. నిరాటంకంగా తవ్వుకునే వీలు కల్పించకపోతే డెడ్‌రెంట్ ఆగాలా? అనుమతుల జాప్యం ఎవరి ఖాతాలో పడాలి? ఒప్పందం నిష్ఫలమైందన్న సిద్ధాంతం ముగిసిన లీజు లావాదేవీకి వర్తించదని 1968లో ‘రాజా ధ్రువ్ దేవ్ చంద్’ కేసులో సుప్రీంకోర్టు చెప్పినందువల్ల ఆ తలుపు కూడా చాలావరకు మూసుకునే ఉంది. తొమ్మిదిమంది ముందున్న ప్రశ్న శాసనాధికారం గురించినది గనుక వారు ఇవన్నీ తేల్చనవసరం లేదన్నది నిజం. అయినా ‘ఒప్పందం’ అన్న మాటను అంత బలంగా వాడిన తీర్పులో ఆ మాటకు రెండో వైపు మీద ఒక పేరా అయినా ఉండవలసింది.

చెప్పనిది చెల్లదు

ఒప్పందదృష్టి లీజుదారును కాపాడిన సందర్భం లేకపోలేదు. హైదరాబాదు కేంద్రంగా పనిచేసే ఎన్‌ఎండిసికి బైలాడిల ఇనుపగనుల విషయంలో మధ్యప్రదేశ్ ప్రభుత్వంతో వచ్చిన తగవు 2004లో సుప్రీంకోర్టులో తేలింది. ముడిఖనిజాన్ని కడిగి శుద్ధి చేస్తున్నప్పుడు నీటితో కలిసి పోయే మెత్తని రొంపిని స్లైమ్స్ అంటారు. వాటి మీద కూడా రాయల్టీ కట్టాలన్నది రాష్ట్రం వాదం. రెండో షెడ్యూలు ఇనుపఖనిజంలో ముద్దలను, పొడిని, శుద్ధి చేసిన సరుకును పేర్కొన్నది, స్లైమ్స్‌ను పేర్కొనలేదు. పేర్కొనని దాని మీద బాధ్యత మోపరాదని కోర్టు తేల్చింది. వ్యాఖ్యాతలు అనుక్తాన్ని అధ్యాహారం చేసుకొని అన్వయం కుదుర్చుకోవడం కావ్యాల్లో అనుమతమే. చెల్లింపు బాధ్యతల్లో అధ్యాహారం కుదరదు. ఇది పన్ను చట్టాలకూ వర్తించే సూత్రమే కాబట్టి, రాయల్టీ స్వభావం ఏదైనా ఆ రొంపి లెక్కలోకి వచ్చేది కాదు. రోజువారీ తగవుల్లో పన్నా ప్రతిఫలమా అన్న మహాప్రశ్న కన్నా షెడ్యూలులో ఏ నామవాచకం ఉన్నదన్నదే ఎక్కువ డబ్బుకు సంబంధించినదని ఈ కేసు చూపుతుంది.

వసూలు గుత్త

రాయల్టీ ప్రభుత్వానికి రావలసిన ఒప్పందపు సొమ్ము. దాన్ని వసూలు చేసే పనిని మరో ఒప్పందంతో మరొకరికి అప్పగిస్తే వచ్చే తగవులు ఇంకొక అంతస్తు. రాజస్థాన్ చిన్నతరహా ఖనిజాల నియమావళిలో రాయల్టీ వసూలు కాంట్రాక్టు, అదనపు రాయల్టీ వసూలు కాంట్రాక్టు అని రెండు విధాలు ఉన్నాయి. రెండోదానిలో లీజుదారు డెడ్‌రెంట్‌ను ప్రభుత్వానికే కడతాడు. దానికి మించిన మొత్తాన్ని ఖనిజం తరలే వాహనాల దగ్గర కాంట్రాక్టరు వసూలు చేసుకుంటాడు, ప్రభుత్వానికి మాత్రం తాను వేలంలో పాడిన మొత్తం చెల్లిస్తాడు. ఆంధ్రప్రదేశ్‌లోనూ ఇటీవలి సంవత్సరాల్లో సీనరేజి వసూలును జిల్లాలవారీగా ప్రైవేటు సంస్థలకు అప్పగించారు. దీనికి ‘అవుట్‌సోర్సింగ్’ అన్న కొత్త పేరు ఉన్నా, తెలుగు నుడికారం ఎప్పుడో దీనికి పేరు పెట్టింది: గుత్త. రెవెన్యూ, న్యాయశాఖల్లో ఉద్యోగం చేసిన సి.పి. బ్రౌన్ నిఘంటువులో ఈ మాటకు చోటివ్వడం సహజమే. నేడు కాంట్రాక్టరుకు పర్యాయపదంగా వాడే ‘గుత్తేదారు’ దీని నుంచే వచ్చింది.

గుత్తలో వచ్చినంత వసూలు చేసి ఇస్తానన్న మాట లేదు. ఇంత ఇస్తానన్న మాట మాత్రమే ఉంది. తవ్వకాల మీద నిషేధం వచ్చినా, వానలకు క్వారీలు మూతపడినా పాటసొమ్ము తగ్గదు. ఇలాంటి సందర్భాల్లో గుత్తేదారు తన దావాలో లీజుదారు చెప్పే మాటే చెబుతాడు: తవ్వుకోవడానికి వీలు కల్పించనిదే సొమ్ము ఎలా అడుగుతారని. ప్రభుత్వమూ అదే జవాబు చెబుతుంది: షరతులు చదివే పాడావని. లీజుదారు విషయంలో ధర చెప్పింది ప్రభుత్వం. గుత్తేదారు విషయంలో ధర చెప్పింది అతనే. కాబట్టి ఒప్పందసూత్రం అతని మీద కఠినంగా వర్తించడంలో కొంత న్యాయం ఉంది. 2015 సవరణ తరువాత వేలంలో లీజు పొంది, ఖనిజవిలువలో ఇంత వాటా ఇస్తానని తానే పాడుకున్నవారికీ ఆ వాటా వరకు ఇదే వర్తిస్తుంది. చట్టం నిర్ణయించిన రేటుకు రాయల్టీ కట్టే సాధారణ లీజుదారును ఆ పాటగాళ్లతో ఒకే గాట కట్టడం సరికాదు. 2024 తీర్పు తరువాత కిందికోర్టుల్లో నడిచే వ్యాజ్యాలు ‘ఒప్పందం’ అన్న మాటకు ఈ రెండు అర్థాలనూ విడదీసి చూడవలసి ఉంది: పాడినవాడి మాట ఒకటి, సంతకం పెట్టినవాడికి చదివి వినిపించిన మాట మరొకటి.